మావ వంతు

"అక్కా, కాస్త పక్కకి జరగండి. మీ నవ్వు రికార్డయిపోతోంది," అన్నాడు శోభనాద్రి కెమెరా వెనకనుంచి.

నాగరత్నం కొంగు నోటికడ్డం పెట్టుకుని జరిగింది.

ఇది అరవైరెండు నాటి మాట. శోభనాద్రిది గుడివాడ. బొంబాయిలో డాక్యుమెంటరీలు తీస్తాడు. సముద్రంలో పోయినవాళ్ళని వాళ్ళ ఆడవాళ్ళు ఎలా తలుచుకుంటారో తియ్యాలని బందరు దగ్గరున్న ఈ చేపల పల్లెకి వచ్చాడు.

తెచ్చిన రీళ్ళు సగం అయిపోయాయి. కెమెరా ముందు కూర్చోగానే ప్రతి మనిషీ బిగుసుకుపోతోంది. అడిగితే దుఃఖం వస్తుందా, నా తండ్రీ!

భర్త పోయినవాళ్ళ ఇళ్ళన్నీ చూపించింది నాగరత్నమే. నుదుట రూపాయి కాసంత బొట్టు, చేతినిండా గాజులు, ఊరందరితో వేళాకోళం. పడవలు ఒడ్డెక్కగానే ఎదురెళ్ళి, మా మావని ఎక్కడ దింపేశారర్రా అని మొగుడి సంగతి అడిగేది. వెనకాల వస్తన్నాడక్కా అని కుర్రాళ్ళు నవ్వేవాళ్ళు.

మధ్యాహ్నం శోభనాద్రికి ఆవిడే అన్నం పెట్టేది. మొహమాటపడితే కసిరేది.

"తినండి తమ్ముడుగారూ. ఇది మా మావ వంతు. ఆయనకి వేళాపాళా లేదు, ఎప్పుడొస్తాడో ఏమో."

మొగుడెవడో ఒట్టి తిరుగుబోతు అనుకున్నాడు శోభనాద్రి. చేపల పులుసు మాత్రం వేళ్ళు నాకించేది.

ఆవిడ్ని తీద్దామని ఒక్కసారీ తోచలేదు. బొట్టు పెట్టుకుని నవ్వే మనిషికి ఇందులో ఏం పని?

మరుసటేడు సినిమా పూర్తయింది. ముందు ఈ ఊరికే చూపించాలని ప్రొజెక్టరు మోయించుకొచ్చాడు. నాగరత్నానికి గాజులు తెచ్చాడు.

ఊరిపెద్ద పోతురాజు తలొంచుకున్నాడు. వానాకాలంలో జ్వరమొచ్చి పోయిందని చెప్పాడు. శోభనాద్రికి సొంత అక్క పోయినట్టే అనిపించింది. గాజుల పొట్లం సంచీలోనే ఉండిపోయింది.

పొద్దుగూకాక, వలలు ఆరేసేచోట తెల్లగుడ్డ కట్టారు. తెరమీద ఎవరి మొహం వాళ్ళు చూసుకుని జనం మురిసిపోయారు. ఒకచోట పొరపాటున గాజుల చెయ్యి ఒకటి తెరలోకొచ్చి, పులుసు గిన్నె పెట్టి వెళ్ళిపోయింది.

ఊరంతా గొల్లుమని ఏడ్చింది.

శోభనాద్రి తెల్లబోయాడు. పోతురాజు పక్కన చేరి, ఆవిడ భర్త ఏడీ, ఈ గాజులు ఆయనకైనా ఇస్తాను అన్నాడు.

పోతురాజు కళ్ళు తుడుచుకున్నాడు.

"ఆడెక్కడున్నాడు బాబూ? పెళ్ళయిన ఏడే గాలివానలో పోయాడు. శవం ఒడ్డుకి రాలేదు. కళ్ళారా చూడందే బొట్టు తియ్యనంది, మేమూ తియ్యమనలేదు. రోజూ ఆడి వంతు వండి మూతేసి ఉంచేది. తెల్లారి సముద్రంలో పోసేది. ఆ గిన్నెలోది ఒక మనిషికి పెట్టగా మేం చూసింది మీకొక్కరికే."