గుర్తున్న మార్కులు

నోటీసు బోర్డు మీద నలభై రెండు రోల్ నంబర్లు. నలభై ఒకటి పాస్. ఒక్కటే ఫెయిల్.

పొట్టి ఆ కాగితాన్ని మూడుసార్లు చదివింది. మెడికల్ కాలేజీ చివరి సంవత్సరం పిల్ల. పొట్టి అంటేనే తప్ప అసలు పేరు చెబితే ఎవరికీ తెలియదు. తుఫాను వెళ్ళి రెండు నెలలైనా, నీళ్ళు నిలిచిన మరక ఆ గోడ మీద ఆమె తలకంటే ఎత్తున అలాగే ఉంది. బురద తోడి తోడి ఆమె అరచేతులు కాయలు కాచాయి.

పక్కనున్న రూమ్మేటు మొహం తిప్పుకుంది.

"నువ్వెంత రాశావే?" పొట్టి అడిగింది.

"డెబ్భై రెండు."

"నీకొచ్చింది నలభై ఒకటి కదే. ఇద్దరం నిజమే రాద్దామని ఒట్టేసుకున్నాం."

"రాద్దామనే కూర్చున్నా. వెనకాల వాళ్ళు అరవై, డెబ్భై వేసేస్తుంటే చెయ్యి ఆగలేదు. నువ్వూ వేసేస్తావనుకున్నా."

"నాకొక్క మాట చెప్పాల్సింది."

రూమ్మేటు చెప్పులీడ్చుకుంటూ వెళ్ళిపోయింది.

పోయిన వారమే సర్జరీ ప్రొఫెసరు అందర్నీ కూర్చోబెట్టి చెప్పాడు. "రిజిస్టర్లు నీళ్ళలో నాని ముద్దయిపోయాయి. తుఫానుకి ముందు క్లాసులో చెప్పిన పరీక్ష మార్కులు, ఎవరివి వాళ్ళే గుర్తు తెచ్చుకుని రాయండి. మిమ్మల్ని నమ్ముతున్నాను." ఆ మాటకి పొట్టి కడుపు నిండిపోయింది. తుఫాను రోజు కరెంటు పోయి వెంటిలేటర్లు ఆగిపోతే, ఆయన పక్కనే నిలబడి పదకొండు గంటలు చేత్తో అంబు బ్యాగు నొక్కి ఒక రోగికి ఊపిరి అందించిన పిల్ల అది. ఆయన దూకమంటే బావిలోనైనా దూకుతుంది. పాసుకి యాభై కావాలని తెలిసి కూడా, నలభై మూడు అని రాసిచ్చింది.

ఇప్పుడు ఏడాది పోయినట్టే.

మెట్లెక్కి మూడో అంతస్తుకి వెళ్ళింది. పాఠాలు చెప్పే హాలు ఇప్పుడు వార్డు. మంచాల మధ్య పక్కవాటుగా నడిచి, చివరనున్న ప్రొఫెసరు గది తలుపు తట్టింది.

"సార్, నేను ఉన్నదున్నట్టు రాశాను. చాలామంది..."

"అబద్ధం రాశారు. తెలుసమ్మా."

"ఎలా తెలుసు సార్?"

ఆయన కళ్ళద్దాలు తీసి తుడుచుకోసాగాడు. బల్ల మీద ఎర్ర అట్ట రిజిస్టరు ఉంది. పొట్టి తెరిచింది. ఆయన ఆపలేదు. ఆయన దస్తూరీయే. రూమ్మేటుకి నలభై ఒకటి. తనకి నలభై మూడు. ఒక్క అక్షరం కూడా చెదరలేదు.

"ఇది తడవలేదు."

"తుఫానుకి ముందురోజే ఇంటికి తీసుకెళ్ళాను."

"మరి మా చేత ఎందుకు రాయించారు?"

"అందులో పాసైంది పంతొమ్మిది మంది. ఆ లెక్క పంపితే మెడికల్ కౌన్సిల్ వాళ్ళు కాలేజీకి తాళం వేస్తారు. కాలేజీ పోతే ఆసుపత్రీ పోతుంది. బయట మంచాల మీదున్న వాళ్ళని ఎక్కడికి పంపను?"

ఆయన చెప్పిందాంట్లో తప్పేముందో పొట్టి వెతుక్కుంది. దొరకలేదు. చివరికి, తన నోట ఎన్నడూ వస్తుందనుకోని మాట వచ్చింది.

"అయితే నాకూ ఇంకో కాగితం ఇవ్వండి సార్. డెబ్భై అని రాసిస్తాను. అంతమందిని గట్టెక్కించారు, నన్నొక్కదాన్నీ గట్టెక్కించలేరా?"

ప్రొఫెసరు లేచి వచ్చి ఆమె తల మీద చెయ్యి వేశాడు. కూతురికి చెప్పినట్టు మెల్లగా చెప్పాడు.

"నలభై రెండు మందీ పాసంటే కౌన్సిల్ వాళ్ళు నమ్మరమ్మా. ఒక్కరైనా ఫెయిలవ్వాలి. నిజం రాసేది నువ్వేనన్న ధైర్యంతోనే అందరి చేతా రాయించాను."