కదిరి రైతు

"ఏడువు సాబ్. జీపులు వంక దాటినాయి," అన్నాడు పక్క చేని హరినాథ్.

మాబు సాబ్ వేరుశనగ చేను మధ్యలో నిలబడి ఉన్నాడు. "ఏడుపు రాలేదప్పా," అన్నాడు.

"రాలేదంటే ఎట్ల? నువ్వు ఏడిస్తేనే ఢిల్లీవాళ్ళు మన మండలాన్ని కరువు లిస్టులో రాసుకునేది. మాకు ఆఫీసర్ల ముందర నోరు పెగలదు. నీకు తెలీదా?"

తెలుసు. ఉరవకొండ చుట్టుపక్కల ముప్పై ఏళ్ళుగా ఏ నాటకంలో తెల్లదొర కావాలన్నా మాబు సాబే. పిల్లికళ్ళు, ఎర్రటి ఒళ్ళు మరి. శిస్తు కట్టమని గద్దించి, ఆఖరి రంగంలో చచ్చిపోయేవాడు. జనానికి దొర గుర్తుండేవాడు. టోపీ తీసి టీ అంగడికి పోతే మాత్రం పక్కకు జరగమనేవాళ్ళు. నాటకాలు తగ్గాక, కరువు చూసే బృందాలు వచ్చినప్పుడల్లా ఏదో ఒక ఊరి రైతులు అతన్ని తీసుకుపోయి తమ చేలో నిలబెట్టేవాళ్ళు. గడ్డం అంటించుకుని, తలపాగా చుట్టి, వాళ్ళ తరఫున ఏడ్చి వచ్చేవాడు. ఆ ఏడుపులో ఒక్క అబద్ధం ఉండేది కాదు, చేను తనదనడం తప్ప.

ఈ ఏడు ఖర్మ కాలి నాలుగెకరాలు తనే గుత్తకు తీసుకున్నాడు.

"మూడేండ్ల కింద కదిరి కాడ చేసినావు గదా, మన్ను నోట్లో పోసుకోని. అదే సెయ్," అన్నాడు హరినాథ్.

"అది పరాయోళ్ళ చేను. ఇది నాది."

"గడ్డమన్నా అంటించుకోకపోతివి."

"నా చేన్లో నాకు గడ్డమెందుకప్పా?"

జీపులు ఆగాయి. నలుగురు దిగారు. వాళ్ళలో తెలుగు వచ్చిన ఆఫీసరు ఒకాయన పుస్తకం తెరిచి దగ్గరికి వచ్చాడు.

"పంట ఎంత పోయింది పెద్దాయనా?"

మాబు సాబ్ వంగి ఒక చెట్టు పీకాడు. వేళ్ళకు ఒక్క కాయ లేదు. "ఇంతే సార్," అన్నాడు.

"ఇంకేమైనా చెప్పుకుంటారా?"

"ఏం లేదు సార్."

వెనక నుంచి హరినాథ్ గట్టిగా గిల్లాడు. అదీ తెలియలేదు అతనికి. లోపలంతా ఖాళీగా ఉంది, దుఃఖం కూడా లేదు. అరికాళ్ళు కాలుతున్నాయని మాత్రం తెలుస్తోంది.

ఆఫీసరు కాసేపు అతని మొహంలోకి చూశాడు. ఏమీ రాయకుండానే పుస్తకం మూసి, హరినాథ్ వైపు తిరిగాడు.

"మూడేళ్ళ కిందట కదిరి దగ్గర ఒకాయన్ని చూశానండీ. మన్ను నోట్లో పోసుకుని ఏడ్చాడు. ఇప్పటికీ తలుచుకుంటే నాకు అన్నం సహించదు. రైతంటే ఆయన. మీరేమో కంట తడి కూడా లేని ఎవరో నాటకాలాయన్ని తెచ్చి నిలబెట్టారు."