పెద్దోడి పేరు

"మైలపిల్లి అర్జునరావూ!"

బంట్రోతు ఒకసారి పిలిచాడో లేదో, "ఉన్నాడు, ఉన్నాడు బాబూ!" అని కోర్టు వరండాలోంచి అరిచింది గంగాలమ్మ.

అందరూ తిరిగి చూశారు. బంట్రోతు విసుక్కున్నాడు.

"ఉన్నాడని నాకూ తెలుసమ్మా. జైలు నుంచి పోలీసులే తీసుకొచ్చారు. మధ్యలో నువ్వెందుకు పలకడం?"

ఆ పేరు ఎవరు పిలిచినా, రెండోసారి పిలిచేలోగా తాను పలకాలి. కొడుకు పుట్టినప్పటి నుంచీ గంగాలమ్మకదే అలవాటు.

బెంచీ మీద ఒక పెద్దమనిషి కూర్చుని ఉన్నాడు. పల్లెటూరి మనిషి. తెల్ల పంచె, భుజాన తువ్వాలు, చేతిలో గొడుగు. ఆమె ముఖం కేసి కాసేపు చూసి, పక్కకు జరిగి చోటిచ్చాడు.

"కూకో సెల్లెమ్మా. ఆ కుర్రోడు నీ కొడుకా?"

"నా కొడుకే బాబూ."

కోర్టు వరండాలో ఎవరి గోల వాళ్లది. నీ కష్టమేమిటని అడిగే నాథుడుండడు. అడిగినవాడు దొరికేసరికి గంగాలమ్మకు కన్నీళ్లు ఆగలేదు.

ఫిషింగ్ హార్బర్ జెట్టీ మీద ఇద్దరు కుర్రాళ్లకు మాటా మాటా పెరిగింది. ఐసు పెట్టెల దగ్గర తోపులాట. అర్జునరావు ఒక్క తోపు తోశాడు. అవతలివాడు తూలి పడితే ఇనుప గుంజకు తల కొట్టుకుంది. మళ్లీ లేవలేదు. ఆ కుర్రాడి పేరు ఉమామహేష్ అనీ, ఏదో పల్లె నుంచి కొత్తగా పనికొచ్చాడనీ గంగాలమ్మ కోర్టులోనే విన్నది.

"మావోడికి పదిహేడు దాటనేదు బాబూ. ఇస్కూలు కాయితంలో పందొమ్మిదని ఉందంట. పెద్దోళ్ల జైల్లో ఉంచీసినారు. ఆళ్ల మజ్జిన ఈడేటైపోతాడో!"

"కాయితంలో అలాగెందుకుంది?"

గంగాలమ్మ అటూ ఇటూ చూసి గొంతు తగ్గించింది.

"అది మా పెద్దోడిది."

"పెద్దోడెక్కడున్నాడు?"

ఆమె కొంగు నోటికి అడ్డం పెట్టుకుంది. ఆ చాటు నుంచే చెప్పింది.

తొలిచూలు కొడుకు పేరూ అర్జునరావే. ఏడాది తిరక్కుండానే జ్వరంతో ఆసుపత్రిలో పోయాడు. మళ్లీ ఇంట్లోనే పురుడొచ్చి మగపిల్లాడు పుడితే, పోయినవాడే తిరిగొచ్చాడని ఆ పేరే పెట్టుకున్నారు. అలా పెట్టాక పోయినవాడి ఊసెత్తకూడదు, ఎత్తితే ఉన్నవాడూ దక్కడని అత్తగారు ఒట్టు వేయించుకుంది. బడిలో చేర్చేటప్పుడు పుట్టిన సర్టిఫికెట్ అడిగారు. ఇంట్లో ఉన్న పెద్దోడిదే ఇచ్చింది. పేరూ అదే, కొడుకూ వాడే అనుకుంది. తప్పని ఆమెకు తోచనే లేదు.

"మరి లాయరమ్మకి సెప్పినావా?"

"ఎలా సెప్పీది బాబూ? సెప్పినాక ఈడూ పోతే?"

పెద్దాయన గొడుగు పిడి నిమురుతూ కూర్చున్నాడు.

"నాకూ ఒక కొడుకు పోనాడమ్మా. నీవోడి ఈడే. నాను రోజూ ఆడి పేరు తలుసుకుంతాను. తలిస్తే పోయినోళ్లొచ్చి ఎవుర్నీ తీసుకుపోరు."

గంగాలమ్మ కళ్లెత్తి ఆయన్ని చూసింది.

"తమ్ముడ్ని కాపాడతానని నీ పెద్దోడంతన్నాడు. నువ్వే ఆడి నోరు నొక్కేత్తన్నావు. లెగు, ఎల్లి సెప్పు."

గంగాలమ్మ లేచి కోర్టు హాల్లోకి వెళ్లింది. డబ్బు తీసుకోకుండా వాదిస్తున్న లాయరు కుసుమకుమారి ముందు నిలబడి, ఇన్నేళ్లలో మొదటిసారి గొంతెత్తి "మా పెద్దోడు సచ్చిపోనాడమ్మా" అంది. అనేసి, గుండె చిక్కబట్టుకుని బోను వైపు చూసింది.

చిన్నవాడు నిలబడే ఉన్నాడు.

"ఇంత మాట ఇన్నాళ్లూ కడుపులో దాచుకున్నావా తల్లీ!" అని లాయరమ్మ తల పట్టుకుంది. వాయిదా అడిగింది.

మళ్లీ వాయిదా నాటికి, పెద్దవాడు పోయినట్టు ఆసుపత్రి నుంచి రుజువొచ్చింది. బడి కాగితం చెల్లలేదు. చిన్నవాడికి వేరే కాగితమే లేదు గనుక డాక్టర్లు ఎముకల పరీక్ష చేసి, పద్దెనిమిది నిండలేదన్నారు. అర్జునరావు మైనరేనని జడ్జిగారు తేల్చారు. కేసు పిల్లల బోర్డుకు పంపించి, వాడిని జైలు నుంచి హోముకు మార్చమన్నారు.

తప్పు తప్పే. కానీ వాడు మళ్లీ మనిషై బయటికొచ్చే దారి మిగిలింది. కన్నతల్లికి ఇంకేం కావాలి?

గంగాలమ్మ వరండాలోకి పరుగెత్తింది. పొద్దున్న పెద్దాయన కూర్చున్న బెంచీ ఖాళీగా ఉంది. గేటు దాటి రోడ్డు మీదికొస్తే, పద్మనాభం ఊరికి వెళ్లే బస్సు కిటికీలో ఆ గొడుగు కనిపించింది.

ఆయన కోసమే తెచ్చిన ఎండు నెత్తళ్ల చేపల పొట్లం కిటికీలోంచి అందించింది. ఆయన కాదనలేదు. రెండు చేతులతో పుచ్చుకున్నాడు.

"మావోడు గట్టెక్కినాడన్నా! నువ్వు దేవుడిలాగొచ్చినావు. నీ పేరు సెప్పన్నా. రేపు మావోడికి పెళ్లై కొడుకు పుడితే నీ పేరే ఎట్టుకుంతాం."

బస్సు కదిలింది.

"నా పేరెందుకు సెల్లెమ్మా? మీ ఇళ్లల్లో పోయినోళ్ల పేరే కదా ఎడతారు! ఉమామహేష్ అని ఎట్టుకో."

"అలాగే అన్నా!" అని చెయ్యి ఊపింది గంగాలమ్మ.

ఊపుతున్న చెయ్యి గాలిలోనే ఆగిపోయింది.

బస్సు మలుపు తిరిగి కనుమరుగయ్యాక, అది జెట్టీ మీద తన కొడుకు తోస్తే పడి మళ్లీ లేవని కుర్రాడి పేరని, ఆ బెంచీ మీద తన పక్కన కూర్చున్నది వాడి తండ్రని తెలిసి, గంగాలమ్మ ఖాళీ రోడ్డుకే దండం పెట్టింది.