గుండీలక్క సంతకం

గుండీలక్క మెట్లెక్కి తలుపు తోసేసరికి లోపల బృందంలోని చిన్నపిల్ల, అందరూ పిచ్చుక అని పిలిచే అమ్మాయి, ఏడుస్తోంది. నాటకాల మాస్టారు కిటికీ దగ్గర స్టూలు మీద వీధివైపు తిరిగి కూర్చున్నాడు. బస్సు దొరక్క ఆలస్యమైంది. అయ్యో, నేను రాకముందే రిహార్సల్ మొదలుపెట్టేశారే అనుకుని, చెప్పులు గుమ్మంలో విడిచి, అడుగు చప్పుడు కాకుండా లోపలికొచ్చింది.

వాళ్ల నాటక బృందంలో ఒక కట్టుబాటు ఉంది. రిహార్సల్‌కి ముందు మాస్టారు పిడి వదులైన ఇత్తడి గంట ఒకసారి కొడతాడు. అయిపోయాక మళ్లీ కొడతాడు. ఆ మధ్యలో ఎవరికి ఏది తోస్తే అదే మాట్లాడాలి. రాసుకున్న మాటలుండవు, వేరే పేర్లుండవు. తిట్టుకోవచ్చు, కొట్టుకోవచ్చు, ఆస్తులు కూడా పంచుకోవచ్చు. రెండో గంట మోగిందంటే అందులో ఏదీ ఎవరిదీ కాదు. అందరూ కూర్చుని టీ తాగాలి. ఒకసారి పిచ్చుక "నువ్వొక తల్లివా" అంటూ గుండీలక్క చెంప పగలగొట్టింది. గంట మోగగానే ఆ చెంపకు తనే చన్నీళ్లు అద్దింది.

పన్నెండేళ్లుగా గుండీలక్క ఆడుతున్నది ఒకే నాటకం. బట్టల ఫ్యాక్టరీలో గుండీలు కుట్టీ కుట్టీ చివరికి మాటే మానేసిన ఒక తల్లి కథ. ఆ తల్లి ఆమె కన్నతల్లే. గ్యారేజీల్లో ఆడింది, మేడల మీద ఆడింది, మూతబడిన గోడౌన్లలో ఆడింది. ఒకసారి పదకొండు మంది చూశారు. అందులో ఇద్దరు వానకి తలదాచుకోవడానికి వచ్చినవాళ్లు. మధ్యలో మూడు చిన్న సినిమాలు చేసింది. అవి తీసినవాళ్లు తప్ప ఎవరూ చూడలేదు. ఇన్నాళ్లకు ఆ నాటకమే సినిమా అవుతోంది. సోమవారం షూటింగ్. ఆ తల్లి వేషం కోసం ఆమె టైలరింగ్ షాపులో పని కూడా మానుకుంది.

"అక్కా, నన్ను క్షమించు," అంది పిచ్చుక. "అమ్మ వేషం నాకిచ్చారు. మొన్ననే ఒప్పుకున్నాను."

గుండీలక్క ఒక్క క్షణం నమ్మేసింది. ఆ వెంటనే లోపల్లోపల మెచ్చుకుంది. ఎంత మంచి ఎత్తు! సోమవారం లోపు మాస్టారు తనలోంచి ఈ బాధను బయటికి లాగాలనుకున్నాడన్నమాట.

"ఎవరిచ్చారే?"

"మాస్టారే. నలభై ఆరేళ్ల మొహం వద్దన్నాడట ఆ నిర్మాత."

"నీ మొహానికి సూదిలో దారం ఎక్కించడం వచ్చా?"

"నువ్వే నేర్పావుగా అక్కా."

అది నిజమే. అమ్మ దారాన్ని పళ్లతో ఎలా తెంపేదో, అలసిపోతే బొటనవేలు ఎలా నిమురుకునేదో, ఆరేళ్లుగా అన్నీ ఈ పిల్లకే చూపించింది.

"పాముకి పాలు పోశానన్నమాట."

"అలా అనకక్కా. ఇది నిజంగానే..."

"నిజంగా అనకు," అంది గుండీలక్క గొంతు తగ్గించి. "ఎన్నిసార్లు చెప్పాను? నిజంగా అన్నావంటే అబద్ధంలా వినిపిస్తుంది."

పిచ్చుక నోరు తెరిచి మాస్టారు వైపు చూసింది. మాస్టారు ఇటు తిరిగి గుండీలక్కను కాసేపు తేరిపార చూశాడు. పిచ్చుక ఏదో అనబోతే చెయ్యెత్తి ఆపాడు. స్టూలు ముందుకు జరుపుకున్నాడు.

"కానివ్వండి," అన్నాడు.

"మీరు చెప్పండి మాస్టారూ. మా అమ్మను నాకు మాటమాత్రం చెప్పకుండా ఎలా ఇచ్చేశారు?"

"కథ బృందానిది."

"కథ బృందానిదా? మరి ఆవిడ మూగబోయి కూర్చున్నది ఎవరింట్లో, మీ ఇంట్లోనా?"

మాస్టారు సంచిలోంచి ఒక కాగితం తీశాడు. "ఈ కథ మీద నీకే హక్కూ లేదని, వేరేవాళ్లు వేసినా అభ్యంతరం లేదని సంతకం కావాలి. లేకపోతే సినిమా లేదు."

గుండీలక్క ముచ్చటపడింది. ఈ గదిలో ఎప్పుడూ ఏ వస్తువూ అసలుది ఉండదు. ఖాళీ కప్పులో టీ తాగుతారు, పాత పేపరు ముక్కను ఉత్తరమంటారు. ఇవాళేమో స్టాంపు కాగితం, దాని మీద తన పేరు టైపు కొట్టి ఉంది. సినిమా కదా, అన్నీ అసలువే ఉండాలి కాబోలు అనుకుంది.

కాగితం చింపి మొహాన కొట్టాలనిపించింది. కానీ అది ఎవరైనా చేస్తారు. "కోపం వచ్చేచోట కోపం చూపించకుండా ఉండు, అప్పుడు చూసేవాడికి నిద్రపట్టదు" అని నేర్పింది ఈ మాస్టారే. మరి అమ్మయితే ఏం చేసేది? పనిలోంచి తీసేసిన రోజు వాళ్లిచ్చిన కాగితం మీద కిక్కురుమనకుండా సంతకం పెట్టి, సూదిని భుజం దగ్గర బట్టకు గుచ్చుకుని ఇంటికొచ్చేసింది.

గుండీలక్క కింద కూర్చుని కలం అందుకుంది.

"చదివి పెట్టక్కా," అంది పిచ్చుక, వినీ వినపడకుండా.

"చదివే పెడుతున్నానే తల్లీ."

పూర్తి పేరు రాసింది, తేదీ వేసింది. లేని సూదిని భుజం మీద గుచ్చుకుంది. కాగితాన్ని రెండు చేతులా మాస్టారు వైపు జరిపింది.

"తీసుకోండి. ఈ పిల్లని పొద్దున్నే చన్నీళ్లలో చేతులు పెట్టనివ్వకండి. వేళ్లు బిగుసుకుపోతే కుట్టు వంకర పోతుంది."

పిచ్చుక ఆమె ఒళ్లో తలపెట్టి భోరున ఏడ్చింది. పన్నెండేళ్లలో తనింత బాగా ఎప్పుడూ చేయలేదనిపించింది గుండీలక్కకు. మాస్టారు కాగితాన్ని నాలుగు మడతలు పెట్టి లోపలి జేబులో దాచుకున్నాడు.

ఆమె కళ్లు తుడుచుకుని గట్టిగా నవ్వింది. "ఇక చాలు మాస్టారూ, రెండో గంట కొట్టండి. నోరెండిపోయింది, టీ తాగుదాం."

మాస్టారు కదల్లేదు. పిచ్చుక తలెత్తలేదు.

"ఏంటి, ఇంకా ఉందా?"

తలుపు మీద ఎవరో తట్టారు. వీధి చివర వెల్డింగ్ షాపాయన గుమ్మంలోంచి తల లోపలికి పెట్టాడు.

"మాస్టారూ, నిన్న మీరిచ్చిన గంటకి పిడి అతికించి తెచ్చానండీ."