హీరో రాని రోజు

"అమ్మా, మీ చావు సీను ఇవాళే తీసేద్దాం," అన్నాడు డైరెక్టరు, ఆమె ముఖం చూడకుండా.

"మొదటిరోజే చంపేస్తావా బాబూ? హీరో ఏడీ?"

"ఆయన వచ్చే నెల వస్తారు. ఈలోగా మీ వరకు తీసి పెట్టుకుంటాం."

ఆమె నవ్వబోయి ఆగింది. ముప్పై ఏళ్లుగా హీరోల తల్లిగా చస్తూనే ఉంది. హీరో వచ్చేదాకా ఆమెను మంచం మీద ఎండబెట్టినవాళ్లే గాని, ఆమె కోసం హీరోని వదిలేసి కెమెరా తిప్పినవాడు ఒక్కడూ లేడు. ఇవాళ ఎందుకింత తొందర?

తలుపు దగ్గర భర్త ఫ్లాస్కు పట్టుకుని నిలబడి ఉన్నాడు. వారం కిందట ఆస్పత్రి రిపోర్టులు తెచ్చింది ఆయనే. చదివి చెప్పిందీ ఆయనే.

"ఏమండీ, వీళ్లకేం చెప్పారు?"

"ఏం చెప్తాను? కాస్త నీరసంగా ఉందన్నాను."

"నీరసానికి గ్లూకోజు ఇస్తారు గాని, పాడె కడతారా?"

ఆయన ఫ్లాస్కు మూత బిగించాడు. అది అప్పటికే బిగించి ఉంది.

డైరెక్టరు గొంతు సవరించుకున్నాడు. "హీరో డైలాగు మా అసిస్టెంటు చెప్తాడమ్మా. చిన్నదే. 'నీకేం కాదు, నేనున్నాగా.'"

ఆమె వెళ్లి మంచం మీద పడుకుని దుప్పటి గుండెల దాకా లాక్కుంది.

"అసిస్టెంటు ఎందుకు బాబూ? మా ఆయన్ని పిలువు. వారం రోజులుగా ఇంట్లో ఆ మాటే చెప్తున్నారు. కాగితం కూడా అక్కర్లేదు."

ఆయన వచ్చి పక్కన కూర్చుని ఆమె చెయ్యి పట్టుకున్నాడు. కెమెరా తిరుగుతోంది. అందరూ ఆయన నోటి వంకే చూస్తున్నారు.

ఆయనకు ఆ మాట రాలేదు.