చెమట పట్టిన టైల్

అద్భుతాన్ని పుట్టించడం, ఆపడం, రెండూ తెలిసినవాడు అబిడ్స్ నుంచి నాంపల్లి వరకు నేనొక్కణ్ణే.

స్టేషన్ దగ్గరి సందులో, గోడకు ఉచ్చ పోయకుండా మూడు మతాల టైల్స్ అతికించారు. పక్క లాడ్జి ఏసీ నీళ్ల పైపును గోడ వెనక నుంచి ఒక టైల్ మీదికి తిప్పాను. ఏ మతానిదో చెప్పను, మిగతా రెండూ అలుగుతాయి. టైల్‌కు చెమట పట్టిందని తెల్లారేసరికి సగం హైదరాబాద్ వచ్చింది. మిగతా సగం ట్రాఫిక్‌లో ఇరుక్కుంది. జనం గోడను నాకుతుంటే, ఆ గోడ సంగతి తెలిసిన నేను ముఖం తిప్పుకున్నాను.

పూలమ్మే పోశవ్వ మందులు మాన్పించి, ఆ నీళ్లతోనే భర్త బిచ్చయ్య కాలి పుండు కడుగుతోందని తెలిసింది. ఆ రాత్రే పైపు పీకేశాను.

మర్నాటి రాత్రి వెళ్లి చూశాను. సందులో ఎవరూ లేరు. టప్. టప్. టైల్ ఇంకా కారుతోంది. వేలితో తాకాను. వెచ్చగా, జిగటగా ఉంది. చీము వాసన కొట్టింది.

"ఏం బిడ్డా, గట్ల వేలు తుడుస్కుంటున్నవ్?"

వెనక పోశవ్వ, చేతిలో ఖాళీ సీసా.

"అవ్వా, గా నీళ్లు పట్టకు. తాతను దవాఖానకు తీస్కపో. లేకుంటే కాలు తీసేస్తరు."

"దేవునికంటే డాక్టర్ పెద్దోడా?"

"దేవుడు కాదవ్వా, నేనే. ఏసీ పైపు పెట్టిన."

"ఏడుందిరా పైపు?"

"నిన్ననే పీకేసిన," అన్నాను.

పోశవ్వ కారుతున్న టైల్‌ను చూసింది. నన్ను చూసింది. సీసా మూత తీసింది.