రెండో డిస్కు

మావారి పాత కంప్యూటర్ గేమ్ ఎక్కిద్దామంటే, కొత్త ల్యాప్‌టాప్‌కి డిస్కు పెట్టే చోటే లేదు. ఆఫీసులోని పాత కంప్యూటర్లో డిస్కు పెట్టి, పెన్‌డ్రైవ్‌లోకి కాపీ చేసుకొచ్చాను. సగం ఎక్కాక ఆగిపోయి, రెండో డిస్కు అడిగింది.

అది మా మరిది దగ్గరుంది. అన్నదమ్ములు విడిపోయిన రోజు, ‘నువ్వెలా ఆడతావో నేనూ చూస్తా’ అనుకుని చెరొకటి పట్టుకుపోయారు. నాలుగేళ్లుగా మాటల్లేవు.

ఫోన్ చేశాను. “రెండో డిస్కు కావాలి, పెన్‌డ్రైవ్‌లో.”

“అన్నయ్య అడిగాడా వదినా?”

“గేమ్ సగంలో ఆగిపోయింది,” అన్నాను.

“ఇప్పుడే కాపీ చేయించుకుని బయల్దేరతా.”

మధ్యాహ్నానికల్లా పెన్‌డ్రైవ్‌తో దిగాడు. మంచినీళ్లయినా తాగకుండా ల్యాప్‌టాప్ ముందు కూర్చున్నాడు. గేమ్ పూర్తిగా ఎక్కింది. ఎంతమంది ఆడతారని గేమ్ అడిగితే, ఇద్దరని నొక్కి కుర్చీ ఎడమ పక్కకి జరుపుకున్నాడు.

“బాణం మీటలు అన్నయ్యవి. ఇంకా బెట్టు చేస్తున్నాడా? పిలవండి వదినా.”

పోయిన నెల ఆసుపత్రి మంచం మీద, ఆఖరి రోజున, ఆయన నా చేత ఒట్టు వేయించుకున్నారు, తను పోయినా తమ్ముడికి కబురు పెట్టొద్దని.

డిస్కు అడగొద్దని మాత్రం అనలేదు.